పార్సిల్ పిన్ని ముక్కు, ఏడు పొరల కేకు

మా నాన్నకు ఇద్దరు తమ్ముళ్ళు. పెద్ద తమ్ముడి భార్య తపాలా ఆఫీసులో పార్సిళ్ళ కౌంటర్ దగ్గర కూర్చునేది కాబట్టి ఆమె మాకు పార్సిల్ పిన్ని. చిన్న తమ్ముడి భార్య లాండ్రీలో మొండి మరకలు వదిలించే పని చూసేది కాబట్టి లాండ్రీ పిన్ని. చిన్నప్పుడు మా అన్నయ్యా నేనూ పెట్టిన పేర్లు అవి. పెద్దవాళ్ళు మొదట్లో కసురుకున్నారు గానీ, ఏడాది తిరక్కుండానే వాళ్ళ నోళ్ళకూ అవే అలవాటయ్యాయి.

పార్సిల్ పిన్నిది ఇరవై ఆరేళ్ళుగా అదే కౌంటర్, అదే కుర్చీ. ఎవరైనా పార్సిల్ అందిస్తే త్రాసు మీద పెట్టకముందే అరచేతిలో ఒకసారి ఆనించి చూసి బరువు చెప్పేసేది. త్రాసు ఆమె మాటను కాదనడం అరుదు. తేడా వస్తే పది, ఇరవై గ్రాములే. వదులుగా కట్టిన పార్సిల్ చూస్తే మాత్రం ఆమెకు ప్రాణం ఒప్పేది కాదు. వెనక్కి పంపేది కాదు, సొరుగులోంచి దారం తీసి తనే మళ్ళీ బిగించి కట్టేది. క్యూలో ఉన్నవాళ్ళు ఎంత గొణిగినా తలెత్తేది కాదు. మాట తక్కువ మనిషి. నవ్వొచ్చినా పెదవులు బిగబట్టేది, భుజాలు మాత్రం కదిలేవి. అవి చూసి మేం నవ్వేవాళ్ళం.

మా ఇంటి ఏడు పొరల కేకు ఆ చేతికే దక్కింది.

అది పొంగి మెత్తగా ఉండే కేకు కాదు. వెన్న, చక్కెర, గుడ్లు, పిండి కలిపిన ముద్దను ఏడు భాగాలు చేసి, ఒక్కోదాన్ని పల్చగా ఒత్తి, పైన పళ్ళెం బోర్లించి గుండ్రంగా కోసి, విడివిడిగా ఓవెన్‌లో కాలుస్తారు. కాలాక అవి బిస్కెట్లలా గట్టిగా ఉంటాయి. మరోపక్క ఎండు ఆల్‌బుఖారా పళ్ళను నానబెట్టి, గింజలు తీసి, చక్కెర వేసి దగ్గరపడేదాకా ఉడికిస్తారు. అందులో ఏలకుల పొడి, దాల్చినచెక్క పడతాయి. నల్లగా నిగనిగలాడే ఆ గుజ్జును ఒక్కో బిళ్ళ మీద పూస్తూ ఏడూ పేర్చి, శుభ్రమైన బట్టలో చుట్టి, పైన బరువు పెట్టి మూడు రోజులు వదిలేస్తారు. పండులోని తడి మెల్లగా పొరల్లోకి ఇంకి అవి మెత్తబడతాయి. నాలుగో రోజు కోస్తే ముక్క పక్కన నలుపూ తెలుపూ చారలు కొలిచి గీసినట్టు కనిపిస్తాయి. పార్సిల్ పిన్ని నిజంగానే కొలిచేది. ఏడు ముద్దలూ ఒక్కోటి రెండు వందల పది గ్రాములు, ఒక గ్రాము అటూ ఇటూ ఉండేది కాదు.

కేకు అసలు మా నాన్నమ్మది. పార్సిల్ పిన్ని కాపురానికొచ్చిన ఏడాది నాన్నమ్మ ఆమెను వంటింట్లోకి పిలిచి, తలుపు గడియపెట్టి, రెండు రోజులు కూర్చోబెట్టి నేర్పింది. నేర్పాక, ఇది ఒక్కరి చేతిలోనే ఉండాలి, ఇంకెవరికీ చెప్పొద్దని మాట తీసుకుంది. పెద్దకోడలైన మా అమ్మకు నేర్పలేదు. మా అమ్మ ఆ సంగతి తనకేమీ పట్టనట్టే ఉండేది. తనకేమీ పట్టలేదని మాకు వారానికోసారి చెప్పేది.

లాండ్రీ పిన్ని ఆ ఇంటికి కోడలిగా వచ్చింది చాలా ఏళ్ళ తర్వాత. మొదటిసారి కేకు తిన్న రోజునే, నాకూ నేర్పక్కా అని అడిగింది. అత్తయ్యకు మాటిచ్చానని పార్సిల్ పిన్ని తల అడ్డంగా ఊపింది. లాండ్రీ పిన్ని మళ్ళీ అడగలేదు. కానీ అప్పటినుంచి కేకు కోసిన ప్రతిసారీ ఏదో ఒక వంక పెట్టేది. ఒకసారి పొర మందమైంది, ఒకసారి గుజ్జు అంచుదాకా రాలేదు, ఒకసారి దాల్చినచెక్క పాతది. ఆమె ముక్కు అలాంటిది మరి. కోటు మీద మరకను వాసన చూసి, ఇది సాస్, ఇది పిల్లల దగ్గుమందు, ఇది కుక్క పని అని చెప్పగలదు. పార్సిల్ పిన్ని ఆ వంకలకు జవాబిచ్చేది కాదు, ముఖం ముడుచుకునేది. అయితే మరుసటిసారి ఆ లోటు మాత్రం ఉండేది కాదు. పదకొండేళ్ళు అలా సాగింది. ఆ పదకొండేళ్ళలో కేకు ఏటికేడు బాగుపడిందంటే అందులో లాండ్రీ పిన్ని నోటి వాటా కూడా ఉందని ఇప్పుడు అనిపిస్తుంది.

ఒక చలికాలం పార్సిల్ పిన్నికి పెద్ద జలుబు చేసింది. పది రోజుల్లో తగ్గింది. తగ్గాక ఒక ఉదయం ఆమె ముందుగదిలో పేపరు చదువుకుంటుంటే, బాబాయి స్నానాల గదిలోంచి తువ్వాలుతో పరిగెత్తుకొచ్చాడు. స్టవ్ మీద పాలు పొంగి, మాడి, ఇల్లంతా పొగ. వంటింటి తలుపుకు నాలుగడుగుల దూరంలో ఉన్న ఆమెకు ఏమీ తెలియలేదు. పేపరులో మునిగిపోయానని సర్దిచెప్పింది. బాబాయి బయటికి వెళ్ళాక సబ్బు, కాఫీ పొడి, వెల్లుల్లి, చివరికి బాబాయి బూట్లు కూడా ఒకటొకటిగా ముక్కు దగ్గర పెట్టుకుని చూసింది. అన్నీ ఒక్కటే. ఏమీ లేదు.

ఎవరికీ చెప్పలేదు. నాలుక మీద తీపి, ఉప్పు, పులుపు తెలుస్తున్నాయి కాబట్టి రోజువారీ వంట నడిచిపోయింది. ఎవరైనా ఘుమఘుమలాడుతోందంటే తనూ అవునంది. రేపోమాపో తిరిగొస్తుందనుకుంటూ నాలుగు నెలలు గడిపేసింది. వాసన పోయిందంటే కేకు చేయి మారుతుంది. ఆమె భయం అదే అని తర్వాతెప్పుడో నాతో అంది.

ఈలోగా మేం ఇల్లు మారాం. కొత్త ఇంట్లో అందరం కలిసి భోజనానికి కూర్చున్న రోజు పార్సిల్ పిన్ని కేకు తెచ్చింది. ఎప్పటిలాగే బట్టలో చుట్టి, దారంతో నాలుగువైపులా కట్టి తెచ్చింది. చారలు ఎప్పటిలాగే తీరుగా ఉన్నాయి. నేను ఒక ముక్క నోట్లో పెట్టుకున్నాను. మొదట మాడు రుచి తగిలింది. ఆ వెంటనే ఏలకుల ఘాటు ముక్కులోంచి నడినెత్తికి ఎక్కింది. నాన్న మూడు గ్లాసుల నీళ్ళు తాగాడు. గలగలా మాట్లాడుతున్న మా అమ్మ వాక్యం మధ్యలో ఆగిపోయింది. అన్నయ్య నా వైపు చూశాడు, నేను గోడ వైపు చూశాను. ఎనభై తొమ్మిదేళ్ళ నాన్నమ్మ ఒక్కతే హాయిగా రెండు ముక్కలు తింది. ఆ వయసులో ఆమెకు తీపిగా ఉంటే చాలు. నాన్నమ్మ తింటుంటే ఇంకెవరు నోరు విప్పుతారు? అందరం మెచ్చుకున్నాం. మెచ్చుకుంటూ మింగాం.

లాండ్రీ పిన్ని తన ముక్కను మెల్లగా పూర్తిచేసి, పళ్ళెం కింద పెట్టి, "బాగుందక్కా" అంది.

ఆ మాట వినగానే పార్సిల్ పిన్ని చేతిలో చాకు ఆగిపోవడం నేను చూశాను.

మర్నాడు మధ్యాహ్నం భోజన విరామంలో ఆమె కౌంటర్ మూసి నేరుగా లాండ్రీకి వెళ్ళింది. అక్కడ వెనకగదిలో ఆవిరి పరుచుకుని ఉంది. పైన కొక్కేలకు కోట్లు వరసగా వేలాడుతున్నాయి. లాండ్రీ పిన్ని ఒక కాలరు వాసన చూస్తోంది. తర్వాత ఇద్దరూ వేర్వేరుగా చెప్పినా, మాటలు మాత్రం ఒక్కలాగే చెప్పారు.

"నిన్నటి కేకు ఎలా ఉంది?"

"చెప్పాను కదక్కా, బాగుందని."

"పదకొండేళ్ళలో నువ్వా మాట ఒక్కసారి కూడా అనలేదు. నిజం చెప్పు."

లాండ్రీ పిన్ని కోటు పక్కన పెట్టింది. "మాడింది. ఏలకులు గుప్పిళ్ళతో పోసినట్టున్నాయి. చిన్న తప్పయితే అనేదాన్నే. అంత తప్పు నువ్వు చేశావంటే ఏదో అయ్యుంటుందని అనలేకపోయాను. ఏమైందక్కా?"

అప్పుడు మొదటిసారి పార్సిల్ పిన్ని ఆ మాట పైకి చెప్పింది. తనకు వాసన తెలియడం లేదని, నాలుగు నెలలైందని. ఉడుకుతున్నప్పుడు ఏలకుల వాసన రావట్లేదని మళ్ళీ మళ్ళీ వేశానని, అడుగంటిన సంగతి తెలియక గరిటెతో గీకి మొత్తం కలిపేశానని చెప్పింది.

లాండ్రీ పిన్ని అయ్యో అనలేదు. పక్కనున్న మరకల మందు సీసా మూత తీసి ఆమె ముక్కు కింద పెట్టింది. కళ్ళు మండి నీళ్ళు కారాయి గానీ వాసన తెలియలేదు. ఇంకో రెండు సీసాలు చూపించింది. ఆ తర్వాత ఏప్రాన్ విప్పి, గంటలో వస్తానని యజమానికి చెప్పి, తోటికోడలి చెయ్యి పట్టుకుని వీధి చివరనున్న ముక్కు డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళింది.

జలుబు వల్ల వాసన నరం దెబ్బతిందని, తిరిగి రావచ్చని, రాకపోనూ వచ్చని డాక్టరు చెప్పాడు. దీనికి మందు లేదన్నాడు. నిమ్మకాయ, లవంగం, గులాబీ, నీలగిరి తైలం నాలుగు సీసాల్లో పెట్టుకుని, రోజూ పొద్దునా సాయంత్రం ఒక్కోదాన్ని కాసేపు వాసన చూడమన్నాడు. తెలిసినా తెలియకపోయినా చూస్తూనే ఉండాలట. సీసాల పని బాబాయి నెత్తిన వేసుకున్నాడు. నాలుగింటికీ చీటీలు అంటించి, ఆమె కళ్ళు మూసి, ఇదేమిటో చెప్పు అనేవాడు. నాలుగింటిలో ఒకటి సరైనా అది ఊహేనని ఇద్దరికీ తెలుసు. అయినా ఆయన క్యాలెండర్ మీద టిక్కు పెట్టేవాడు.

ఆరు వారాల్లో నాన్నమ్మకు తొంభై నిండుతున్నాయి. ఏం కావాలని అడిగితే కేకు చాలంది. పార్సిల్ పిన్ని దిగులు అప్పుడు మొదలైంది. తను ఒక్కతే చేస్తే మళ్ళీ అదే కేకు అవుతుంది. ఇంకొకరిని పక్కన పెట్టుకుంటే ఇచ్చిన మాట పోతుంది. లాండ్రీ పిన్నే దారి చూపించింది. నీ రహస్యం నాకక్కర్లేదు, నా ముక్కు మాత్రం వాడుకో అంది.

పుట్టినరోజు ముందు శనివారం పొద్దున పెద్ద పళ్ళెం ఇచ్చిరమ్మని అమ్మ పంపితే పార్సిల్ పిన్ని ఇంటికి వెళ్ళాను. వెళ్ళేసరికి చూసిన దృశ్యం ఇది: వంటింటి తలుపు తీసి ఉంది, లోపల పార్సిల్ పిన్ని గిన్నెలో గరిటె తిప్పుతోంది. తలుపు బయట నడవలో ఒక ఎత్తు స్టూలు. దాని మీద లాండ్రీ పిన్ని వంటింటికి వీపు పెట్టి, ఎదురుగా ఖాళీ గోడను చూస్తూ బొత్తాలు కుట్టుకుంటోంది. వాసన చూడొచ్చు, తల తిప్పకూడదు. అదీ ఒప్పందం. బాబాయిని ఇంట్లో ఉండొద్దని పంపించేశారు.

నేను కిక్కురుమనకుండా మూలన నిలబడ్డాను. కాసేపటికి లాండ్రీ పిన్ని సూది ఆపి, మంట తగ్గించక్కా, అడుగు పట్టబోతోంది అంది. పార్సిల్ పిన్ని గరిటె అడుగుదాకా దింపి చూసింది. అప్పుడే కొంచెం జిగురుగా అంటుకుంటోంది. మంట తగ్గించింది. ఏలకుల పొడి ఒక చెంచా వేసి ఆగింది. ఇంకో అరచెంచా అని గోడ వైపునుంచి జవాబొచ్చింది. అరచెంచా పడింది. చాలన్న మాట వచ్చింది. ఇద్దరూ నిన్నమొన్నటిదాకా ముభావంగా ఉన్న మనుషులంటే ఎవరూ నమ్మరు.

తర్వాత పార్సిల్ పిన్ని నా వైపు ఒకసారి చూసి, అటు తిరగమన్నట్టు సైగ చేసింది. తిరిగాను. చిన్న డబ్బా మూత తీసిన చప్పుడైంది.

"కమలాపండు తొక్క," అంది లాండ్రీ పిన్ని గోడను చూస్తూనే. "ఎండబెట్టి పొడి చేసింది."

"నిన్నెవరడిగారు?"

"ఎవరూ అడగలేదు. దానంతట అదే వచ్చింది." మళ్ళీ కొంత సేపటికి, "మిరియాలు కూడానా అక్కా?"

నేను ఆగలేక ఇటు తిరిగాను. పార్సిల్ పిన్ని భుజాలు కదులుతున్నాయి. ఇరవై రెండేళ్ళు గడియపెట్టి కాపాడిన రహస్యం పది నిమిషాల్లో తలుపు దాటి నడవలోకి వెళ్ళిపోయింది. ముక్కుకు అడ్డం పెట్టే తలుపు ఎక్కడుంటుంది?

"ఎన్ని మిరియాలో చెప్పు చూద్దాం," అంది.

"అది మాత్రం తెలియట్లేదు."

"తొమ్మిది. ఇక ఇటు తిరిగి కూర్చో. మెడ పట్టేస్తుంది."

లాండ్రీ పిన్ని తిరగడమే కాదు, స్టూలు ఎత్తుకుని లోపలికే వచ్చేసింది. బిళ్ళలు ఒత్తడం మొదలుపెట్టాక తెలిసింది, లాండ్రీలో ఇస్త్రీ కూడా చేసే చేతికి పిండి ఎలా లొంగుతుందో. కర్ర ఒక్కసారి నడిపితే ముడత ఉండేది కాదు. ఓవెన్ దగ్గర మాత్రం పార్సిల్ పిన్నిదే రాజ్యం. ఒక్కో బిళ్ళకు తొమ్మిది నిమిషాలు, అంచు లేత గోధుమరంగు తిరగ్గానే బయటికి. అయిదో బిళ్ళ తీస్తుంటే చేజారి రెండుగా విరిగింది. వాళ్ళిద్దరూ ఒకరినొకరు చూసుకుని, ఆ ముక్కలను మధ్యలో పెట్టి గుజ్జుతో అతికేశారు. చూడలేదు కదా నువ్వు అని ఇద్దరూ నన్నే అడిగారు.

నాన్నమ్మ పుట్టినరోజుకు పద్దెనిమిది మందిమి చేరాం. కేకు కోశారు. ఈసారి ఎవరూ నీళ్ళకోసం చూడలేదు. నాన్న రెండో ముక్క కోసం పళ్ళెం చాచాడు. అన్నయ్య అంచున మిగిలిన పొడి కూడా వేలితో అద్దుకున్నాడు. లాండ్రీ పిన్ని అలవాటు మానుకోలేక, మూడో పొర కాస్త మందమైందంది.

"అది నువ్వు ఒత్తిందే," అంది పార్సిల్ పిన్ని.

అందరూ నవ్వారు. నాన్నమ్మ మాత్రం తలెత్తి, ఈ పిల్లెందుకు ఒత్తింది అని అడిగింది. పార్సిల్ పిన్ని చేతులు తుడుచుకుని నాన్నమ్మ కుర్చీ ముందుకొచ్చి నిలబడింది. వాసన పోయిన సంగతి, మా ఇంట్లో పెట్టిన మాడు కేకు సంగతి, మాట తప్పిన సంగతి దాచకుండా చెప్పింది. ఆమె అన్ని మాటలు ఒక్కసారే మాట్లాడడం మేమెవరం అంతకుముందు వినలేదు.

"నేనెప్పుడన్నానే అలా, ఒక్కరి చేతిలోనే ఉండాలని?" అంది నాన్నమ్మ.

వంటింట్లో గడియపెట్టి నేర్పిన రోజును పార్సిల్ పిన్ని గుర్తుచేసింది. నాన్నమ్మ కాసేపు ఆలోచించి, నెమ్మదిగా మా అమ్మ వైపు తిరిగింది.

"ఓ, అదా. పెద్దదాన్ని వంటింట్లోకి రానివ్వకుండా ఉండడానికి అన్నానే. అది పక్కనుంటే ఒకటే కబుర్లు. ఆ కబుర్లలో పడి రెండుసార్లు కేకు మాడ్చేశాను."

మా అమ్మకు ఇరవై రెండేళ్ళుగా ఏమీ పట్టని విషయం కదా. ఏడుస్తుందేమోనని నాన్న సగం లేచాడు. కానీ ఆమె పకపకా నవ్వింది. ఆ నవ్వుకు లాండ్రీ పిన్ని తోడైంది, పార్సిల్ పిన్ని మొదటిసారి పళ్ళు కనిపించేలా నవ్వింది. మాడిన రెండు కేకుల్లో ఒకటి కబుర్ల వల్ల కాదని, ఆ రోజు గ్యాస్ మంటే సరిగా లేదని మా అమ్మ వాదించింది. సాయంత్రం దాకా వాదిస్తూనే ఉంది. ఇంటికి వెళ్ళేటప్పుడు దారిలో కూడా.

ఇప్పుడు కేకు ముగ్గురూ కలిసి చేస్తున్నారు. మా అమ్మకు పళ్ళ గింజలు తీసే పని ఇచ్చారు, అది స్టవ్‌కు దూరంగా కూర్చుని చేసేది. లాండ్రీ పిన్ని తన ఇంట్లో ఎండు ఆప్రికాట్లతో ఒకసారి చేసి చూసింది. పార్సిల్ పిన్ని ఒక ముక్క తిని, పొరలు బాగున్నాయి, పండు మాత్రం ఈ కేకుది కాదంది. ఇంకేం, మొదలైంది. ఇప్పుడు వంకలు పెట్టే వంతు ఇద్దరిదీ. ఫోనులో అరగంట తక్కువ కాకుండా అవే మాటలు. గుజ్జు అడుగంటే ముందు బుడగల చప్పుడు బరువెక్కుతుందని పార్సిల్ పిన్ని చెవితోనే పసిగట్టడం నేర్చుకుంది. నిజమేనా అని నేను గిన్నె మీద చెవి పెట్టి విన్నాను. నాకేమీ తేడా తెలియలేదు.

సీసాలు మాత్రం ఆమె మానలేదు. ఎనిమిది నెలలు గడిచాయి. ఒక మంగళవారం పదకొండు గంటల వేళ, కౌంటర్ ముందు క్యూ తలుపుదాకా ఉండగా, ఒక పెద్దాయన అట్టపెట్టె తెచ్చి ఇచ్చాడు. ఆమె అలవాటుగా అరచేతిలో ఆనించి చూసి బరువు చెప్పబోతూ ఆగిపోయింది. పెట్టెను ముక్కు దగ్గరికి తెచ్చుకుంది. ఇంకోసారి తెచ్చుకుంది. ఇందులో కాఫీ పొడి ఉందా అని అడిగింది. పెద్దాయన కంగారుపడి, లేదమ్మా, బూట్ల పాలిష్, మా అన్నకు పంపుతున్నాను, అది పంపకూడదా అన్నాడు. పంపొచ్చని చెప్పి, పెట్టె పట్టుకునే లేచి నిలబడి, రెండు నిమిషాలని క్యూకు చెయ్యి చూపించి, లాండ్రీకి ఫోను చేసింది.

క్యూలో ఉన్నవాళ్ళు విన్నది ఒక్క మాటే. "పాలిష్‌ని కాఫీ అనుకున్నానే," అంటోంది, ముఖం నిండా నవ్వుతూ.